మాటకూ మాటకూ మధ్య

శ్రోతలందరికీ నమస్కారం. మాది విజయవాడ కృష్ణలంక. నలభై ఏళ్లపాటు ముందు సినిమాల్లో, తర్వాత టీవీలో సౌండు పనీ, ఎడిటింగూ చేశాను. పని నేర్చుకున్నది మద్రాసులో, అసిస్టెంటుగా.

అప్పట్లో బొమ్మ ఒక ఫిల్ము మీద, ధ్వని విడిగా మాగ్నెటిక్ ఫిల్ము మీద ఉండేవి. 35 ఎంఎం ఫిల్ములో సెకనుకు 24 ఫ్రేములు, అంటే నిమిషానికి 90 అడుగులు. షాటు మొదట్లో కొట్టే క్లాప్ పలకలు తాకిన ఫ్రేముకు సరిగ్గా ఆ 'టప్' అన్న చప్పుడు కలిపితే సింక్ కుదిరినట్టు. నాలుగు ఫ్రేములు జరిగితే పెదవులది ఒక దారి, మాటది ఇంకో దారి.

మంగళగిరి చేనేత మీద డాక్యుమెంటరీ చేస్తున్నప్పుడు ఓ పెద్దావిడ మగ్గం ముందు కూర్చుని తన కథ చెప్పింది. నిడివి తగ్గించాలని ఆవిడ ఆగిన చోటల్లా కత్తిరించేశాను. ఊపిరి తీసుకున్న చప్పుళ్లు కూడా. మా గురువుగారు ఒక్కసారి విన్నారు. "ఆవిడ ఊపిరి ఏం చేశావురా?" అన్నారు. అంతే. కత్తిరించిన ఫిల్ము వేలాడదీసే డబ్బా, అంటే బిన్‌లో ఉన్న ముక్కలు వెతికి, తెల్లవార్లూ కూర్చుని అతికించాను. రెండు ముక్కలు దొరకలేదు. వాటి బదులు వేరే చోట పట్టిన నిశ్శబ్దం వేస్తే, అక్కడ ధ్వని గుంటలో పడ్డట్టయింది. ఆవిడ ఇంటి నిశ్శబ్దంలో పక్కింటి మగ్గాలు సన్నగా ఆడుతున్నాయి మరి!

అప్పటినుంచీ ఎక్కడ రికార్డు చేసినా, పని అయ్యాక అందరినీ ఒక నిమిషం కదలకుండా ఉండమనేవాణ్ణి. ఆ నిమిషమే తర్వాత అతుకులు కప్పేది. ఏ చోటి నిశ్శబ్దం ఆ చోటిదే. ప్రకాశం బ్యారేజీ మీద గేట్లు మూసినప్పుడు ఒకటి, ఎత్తినప్పుడు ఒకటి. మన బెజవాడ ఇళ్లలో అయితే అర్ధరాత్రి నిశ్శబ్దం అడుగున కూడా ఎక్కడో రైలు చప్పుడు ఉంటుంది.

ఇప్పుడు కంప్యూటరు ఒక్క మీట నొక్కితే మాటల మధ్య ఖాళీలన్నీ తీసేస్తుంది. ఈ పనిలో ఉన్న పిల్లలకు నా మనవి: ఆ మీట నొక్కేముందు కళ్లు మూసుకుని ఒకసారి వినండి. మనిషి తడబడిన చోట, గుటక మింగిన చోట చెప్పలేకపోయినదేదో ఉంటుంది. దాన్ని ఉంచండి.

1948లో మొదలైన ఈ విజయవాడ ఆకాశవాణి కేంద్రం మాటలు వింటూ పెరిగినవాణ్ణి. దీని స్టూడియోలో కూర్చోవడం మాత్రం ఇదే మొదటిసారి. అందుకే ఇంజనీరు గారిని ఒకటి అడిగాను: నా మాట అయ్యాక వెంటనే రికార్డింగు ఆపకండి, ఈ గది నిశ్శబ్దం ఒక్క నిమిషం నాకు కావాలి అని. సరేనన్నారు. ఉంటాను, నమస్కారం.