బహుపదుల గసాభా: యంత్రానికి బీజగణితం చూపిన దారి

అందరికీ నమస్కారం. కంప్యూటర్‌తో లెక్క అనగానే చాలామందికి దశాంశాలే గుర్తొస్తాయి. మూడో వంతును 0.3333 అని రాసి సరిపెట్టుకుంటాం. ఈరోజు నేను చెప్పబోయే లెక్కలో అలా సరిపెట్టుకోవడం కుదరదు. మూడో వంతు మూడో వంతుగానే ఉండాలి, ఎక్స్ ఎక్స్‌గానే ఉండాలి. దీన్నే కంప్యూటర్ ఆల్జీబ్రా అంటారు. మాక్సిమా, మేపుల్, సేజ్ లాంటి సాఫ్ట్‌వేర్లు చేసే పని ఇదే.

ఈ సాఫ్ట్‌వేర్ల లోపల ఎప్పుడూ నడుస్తుండే పని ఒకటుంది. అది రెండు బహుపదులకు గసాభా, అంటే రెండింటినీ శేషం లేకుండా భాగించే అతి పెద్ద బహుపది, కనుక్కోవడం. బీజగణిత భిన్నాలను కూడిన ప్రతిసారీ లవంలోనూ హారంలోనూ ఉన్న ఉమ్మడి కారణాంకాన్ని కొట్టేయాలి. లేకపోతే నాలుగు మెట్లు దాటేసరికి సమాసం పేజీలకు పేజీలు పెరుగుతుంది.

పద్ధతి మీకు బడిలోనే నేర్పారు. పెద్దదాన్ని చిన్నదానితో భాగించాలి, ఆ చిన్నదాన్ని వచ్చిన శేషంతో భాగించాలి, శేషం సున్నా అయ్యేదాకా ఇలాగే సాగాలి. యూక్లిడ్ కాలం నాటి ఈ పద్ధతి బహుపదులకూ సరైన జవాబే ఇస్తుంది. చిక్కంతా దారిలోనే ఉంది.

కంప్యూటర్ శాస్త్రవేత్త డొనాల్డ్ కనూత్ చూపిన ఉదాహరణ ఒకటి తీసుకుందాం. గుణకాలు మాత్రం చదువుతాను. మొదటిది ఎనిమిదో ఘాతం: 1, 0, 1, 0, −3, −3, 8, 2, −5. రెండోది ఆరో ఘాతం: 3, 0, 5, 0, −4, −9, 21. వీటికి ఉమ్మడి కారణాంకం లేదు, గసాభా 1. కానీ ఆ ఒకటిని చేరేలోపు చివరి శేషం −1288744821/543589225 అవుతుంది. భిన్నాలు వద్దనుకుని ప్రతి మెట్టులోనూ ముందే గుణించుకుంటూ పోతే 35 అంకెల సంఖ్య వస్తుంది! ఘాతం పెరిగి, చలరాశులు రెండు మూడయితే మెమరీ చాలదు. మెషీన్ స్పీడు పెంచినంత మాత్రాన ఇది తీరదు.

తీర్చింది బీజగణితం. ప్రతి గుణకాన్నీ 13తో భాగించి శేషం మాత్రం ఉంచుకోండి. 13 ప్రధాన సంఖ్య కాబట్టి ఇక్కడ సున్నా తప్ప దేనితోనైనా భాగించవచ్చు, భిన్నం పుట్టదు. నాలుగో వంతు అంటే 10, ఎందుకంటే 4×10 = 40, శేషం 1. ఏ గుణకమూ 12 దాటదు. ఇప్పుడు అదే భాగహారం చేస్తే రెండో శేషం 4ఎక్స్ + 1, ఆ తర్వాతది 12. 12లో ఎక్స్ లేదు, అంటే ఎక్స్ ఉన్న ఉమ్మడి కారణాంకం ఇక్కడ లేదు. అక్కడితో ఆగిపోతాం.

13తో చేసిన లెక్క అసలు లెక్కకు ఎలా చెల్లుతుంది? నాకు చాలా ఇష్టమైన భాగం ఇదే. అసలు బహుపదులకు ఎక్స్ ఉన్న ఉమ్మడి కారణాంకం ఉందనుకోండి. దాని మొదటి గుణకం 1నీ 3నీ భాగించాలి, కాబట్టి అది 13 గుణిజం కాలేదు. అంటే 13లోకి వచ్చినా ఆ కారణాంకం ఘాతం తగ్గదు, అక్కడా కనిపించి తీరాలి. కనిపించలేదు, కాబట్టి అసలే లేదు.

గసాభా నిజంగా ఉన్నప్పుడు ఒక ప్రధాన సంఖ్య సరిపోదు. కొన్నింటితో విడివిడిగా చేసి, ఆ శేషాల నుంచి అసలు గుణకాలను రాబట్టాలి. రెండు శేషాలిచ్చి సంఖ్యను కనుక్కోమనే ప్రశ్నకు ఆర్యభటుడు 499లోనే కుట్టకం అనే పద్ధతి ఇచ్చాడు. బహుపదుల గసాభా కోసం ఈ శేషాల దారిని కంప్యూటర్ మీద నిలబెట్టింది జార్జ్ కాలిన్స్, డబ్ల్యూ. ఎస్. బ్రౌన్. బ్రౌన్ పేపర్ 1971లో వచ్చింది. కారణాంకాలు విడదీయడానికి బెర్లెక్యాంప్ 1967లో ఇచ్చిన పద్ధతి కూడా ఇలాంటి శేషాల లోకంలోనే నడుస్తుంది.

ఒక జాగ్రత్త మాత్రం ఉంది. ఎక్స్ − 1, ఎక్స్ + 4 తీసుకుని 5తో చేస్తే రెండూ ఒకటే అయిపోతాయి, లేని గసాభా కనబడుతుంది. అయితే మొదటి గుణకాలను భాగించని ప్రధాన సంఖ్య ఎప్పుడు తప్పుదోవ పట్టించినా ఘాతాన్ని పెంచే చూపిస్తుంది, తగ్గించదు. అందుకే వేరే ప్రధాన సంఖ్యతో తక్కువ ఘాతం వస్తే పాతదాన్ని పారేస్తాం. చివరికి వచ్చిన జవాబుతో రెండు బహుపదులనూ భాగించి చూస్తాం. శేషం లేకుండా పోతే అదే గసాభా.

ఇక మీ ప్రశ్నలు అడగండి.