కాలి బొటనవేలి కొన వంగుతోందా, ముందు అది చూడండి

అందరికీ నమస్కారం. ఇక్కడున్నవాళ్ళలో ఎక్కువమంది పీఈటీలు, కోచ్‌లు, కొందరు డాన్స్ టీచర్లు, వెనక వరసల్లో పిల్లల అమ్మానాన్నలు. నేను ఫిజియోథెరపిస్టును. ఆపరేషన్ చేసేది సర్జన్ గారే, కానీ ఆ తర్వాత నెలల తరబడి ఆ కాలితో కుస్తీ పట్టేది మేము. అందుకే ఈరోజు ఒక్క విషయమే పట్టుకుని మాట్లాడతా, అది కాలి బొటనవేలిని వంచే టెండన్. టెండన్ అంటే కండను ఎముకకు కలిపే తాడు లాంటిది. పిల్లాడి అరికాల్లో గాజుపెంకు దిగినా, చీలమండ వెనక నొప్పని వారాల తరబడి కుంటుతున్నా, కాలి బొటనవేలిని ఒకసారి పట్టుకుని చూడండి. రెండు నిమిషాల పని. అది చేయకపోవడం వల్ల పిల్లలు ఆటకు దూరమవుతుంటే నాకు చాలా బాధేస్తుంది.

అనంతపురంలో ఆటలకు కొదవ లేదు. స్పోర్ట్స్ విలేజ్‌లో పొద్దున్నే ఎంతమంది పిల్లలు పరిగెత్తుతుంటారో మీకు తెలుసు, 2024లో దులీప్ ట్రోఫీ మ్యాచ్‌లు కూడా మన ఊళ్ళోనే ఆడారు. పల్లెల్లో కబడ్డీ, వాలీబాల్ సరేసరి, అదీ చాలాచోట్ల ఒట్టి కాళ్ళతోనే.

ముందు ఆ టెండన్ ఎక్కడుందో చెప్తా. పిక్కలో లోతుగా, బయటివైపు సన్న ఎముకను అంటుకుని ఒక కండ ఉంటుంది. డాక్టర్లు ఫ్లెక్సర్ హాల్యూసిస్ లాంగస్ అంటారు, పొట్టిగా ఎఫ్‌హెచ్‌ఎల్. కండేమో పిక్కలో, పనేమో బొటనవేలి దగ్గర. కిందికి వచ్చేసరికి అది టెండన్‌గా మారి, చీలమండ వెనక టాలస్ అనే ఎముక గాడిలోంచి దిగి, లోపలివైపు నుంచి అరికాల్లోకి తిరిగి, బొటనవేలి మొదట్లో ఉండే రెండు చిన్న ఎముకల నడుమ నుంచి పోయి వేలి చివరి ఎముకకు అతుక్కుంటుంది. బావి గిలక మీద చేంతాడు తిరిగినట్టు ఇది చీలమండ వెనక మలుపు తిరుగుతుంది, ఒరిపిడి ఎక్కువగా పడేది అక్కడే. నడిచేటప్పుడు మడమ లేచాక చివర్లో నేలను తోసేది బొటనవేలు. పరుగు, లాంగ్‌జంప్, వాలీబాల్‌లో ఎగిరి కొట్టడం, మునివేళ్ళ మీద లేచి మడమ కొట్టే నాట్యం అడుగులు, వీటన్నిటిలో ఈ టెండన్ మీద భారం పడుతుంది. పాశ్చాత్య దేశాల్లో ఈ టెండన్ నొప్పి బాలే డాన్సర్లకు ఎక్కువగా వస్తుంది కాబట్టి అక్కడ దీన్ని డాన్సర్ల జబ్బుగా చెప్పుకుంటారు. ఒట్టి కాళ్ళతో గంటల తరబడి సాధన చేసే మన నాట్యం పిల్లల్నీ ఈ కంటితో చూడాలని నా అభిప్రాయం.

ఈ టెండన్‌కు వచ్చే ఇబ్బందుల్లో రెండు రకాలున్నాయి, ఒకటి మెల్లగా వచ్చేది, రెండోది ఒక్క క్షణంలో తెగేది.

మెల్లగా వచ్చేదాంట్లో నొప్పి లోపలి చీలమండ వెనక ఉంటుంది, బొటనవేలి దగ్గర కాదు. అందుకే అందరూ బెణుకు అనుకుని క్రేప్ బ్యాండేజ్ చుట్టి పంపిస్తారు. బెణుకైతే ఎప్పుడు, ఎక్కడ మడత పడిందో పిల్లలు చెప్తారు, నొప్పి కూడా ఎక్కువగా బయటివైపే ఉంటుంది. ఇదేమో ఎప్పుడు మొదలైందో తెలీదు, మునివేళ్ళ మీద లేస్తే నొప్పి, పరుగు మొదలుపెట్టేటప్పుడు నొప్పి, కొందరికి వేలు వంచి చాపితే టక్‌మని పట్టేసి వదులుతుంది. ఇలా చేసి చూడండి. పాదాన్ని మోకాలి వైపు ఎత్తిపట్టి బొటనవేలిని పైకి లేపండి, తర్వాత పాదాన్ని కిందికి వాల్చి మళ్ళీ లేపండి. వాల్చినప్పుడు తేలిగ్గా లేచే వేలు, పాదం ఎత్తిపట్టినప్పుడు గట్టిగా బిగుసుకుని చీలమండ వెనక నొప్పి పుట్టిస్తే అనుమానించాలి. కొంచెం బిగుతు అందరికీ ఉంటుంది, కాబట్టి రెండో కాలితో పోల్చి చూడండి. 10 మందిలో దాదాపు ఒకరికి టాలస్ వెనక ఒక అదనపు చిన్న ఎముక ఉంటుంది, కొందరిలో అది కూడా ఈ నొప్పికి కారణమవుతుంది. ఎక్స్‌రేలో అది కనిపించగానే ఎముక విరిగిందని కంగారు పడొద్దు. టెండన్ ఎలా ఉందో అల్ట్రాసౌండ్‌లో, ఎంఆర్‌ఐలో తెలుస్తుంది.

దీనికి చాలామందికి ఆపరేషన్ అక్కర్లేదు. కానీ ఓపిక కావాలి, అక్కడే మనకు కష్టం. గెంతులు, స్ప్రింట్లు, మునివేళ్ళ మీద లేచే అడుగులు కొన్ని వారాలు ఆపాలి, మంచం మీద పడుకోబెట్టనవసరం లేదు. అడుగు గట్టిగా ఉండి బొటనవేలు పెద్దగా వంగనివ్వని షూ వేసుకోవాలి. గుడ్డలో చుట్టిన ఐసు పది, పదిహేను నిమిషాలు పెట్టొచ్చు. తర్వాత పిక్కను, పాదంలోని చిన్న కండల్ని కొద్దికొద్దిగా బలపరుస్తూ రావాలి. నెలల తరబడి ఇదంతా సరిగ్గా చేసినా తగ్గకపోతే, అప్పుడు సర్జన్ చీలమండ వెనక టెండన్ పోయే ఇరుకు దారిని వదులు చేస్తారు, అదనపు ఎముక ఇబ్బంది పెడుతుంటే తీసేస్తారు.

మ్యాచ్ ముందు నొప్పి తెలియకుండా ఇంజెక్షన్ వేయించి పిల్లాణ్ని దింపే పద్ధతి అక్కడక్కడా ఉంది. దయచేసి మానేయండి. స్టెరాయిడ్ మందు టెండన్‌లోకి పోతే అది బలహీనపడి తెగే ప్రమాదముంది, అలాంటి ఇంజెక్షన్ కావాలా వద్దా అనేది ఎముకల డాక్టరు చెప్పాలి. ఇంకో మాట, సిప్రోఫ్లాక్సాసిన్ రకం యాంటీబయాటిక్స్ టెండన్లను దెబ్బతీయగలవని 2008లోనే అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ ఆ మందులకు గట్టి హెచ్చరిక జోడించమంది. దెబ్బతినేది ఎక్కువగా మడమ వెనక పెద్ద టెండనే, అయినా మెడికల్ షాపులో అడిగి మింగే మందు కాదది.

ఇప్పుడు తెగడం గురించి. దీని మీదే నాకు ఎక్కువ పట్టింపు. చెరువు గట్టు మీద, గ్రౌండ్ అంచున పగిలిన సీసా పెంకులు ఉంటాయి, పిల్లాడు తొక్కుతాడు. బయటికి కనిపించేది చిన్న గాటు. "ఏమీ కాలేదు సార్, పసుపు పెట్టి కట్టినాం" అంటారు ఇంట్లోవాళ్ళు. గాజు చేసే గాయం సన్నగా, లోతుగా ఉంటుంది, చర్మం మీద అర అంగుళం గాటు కింద టెండన్ పూర్తిగా తెగి ఉండొచ్చు. పైనుంచి పార పడినా, తాడిపత్రి వైపు బండ పని చేసేవాళ్ళ పాదం మీద బండ అంచు పడినా దెబ్బ తినేది వేలిని పైకి లేపే టెండన్లు. కింద నుంచి గుచ్చుకుంటే వంచే టెండన్ మీద అనుమానం పెట్టుకోవాలి.

అందరూ పొరబడేది ఇక్కడే. వేలు వంచమంటే పిల్లాడు వంచుతాడు, అందరూ అమ్మయ్య అనుకుంటారు. కాలి బొటనవేలికి రెండే కణుపులు. మొదటి కణుపును వంచడానికి పాదంలోనే వేరే పొట్టి కండ ఉంది. ఎఫ్‌హెచ్‌ఎల్ తెగినా వేలు మొదట్లో వంగుతూనే ఉంటుంది. కాబట్టి వేలి మొదటి భాగాన్ని మీ రెండు వేళ్ళతో కదలకుండా గట్టిగా పట్టుకుని, కొన ఒక్కటే వంచమనండి. కొన కదలకపోతే ఆ పిల్లాడు అదే రోజు ఎముకల డాక్టరు దగ్గర ఉండాలి. కదిలినా బలం లేకుండా, నొప్పితో కదిలితే సగం తెగి ఉండొచ్చు, అప్పుడూ అంతే. వేలి కింద తిమ్మిరిగా ఉందా అని కూడా అడగండి, పక్కనే పోయే నరం కూడా తెగి ఉండొచ్చు.

గాయం మీద శుభ్రమైన గుడ్డ పెట్టి నొక్కి పట్టండి, కాలు ఎత్తులో ఉంచండి. పసుపు, కాఫీ పొడి, సున్నం ఏవీ వద్దు, వాటిని కడిగి తీయడానికే డాక్టరుకు సమయం పడుతుంది. లోతుగా దిగిన పెంకును మీరు లాగొద్దు, దాని మీద నొక్కొద్దు. టీటీ ఇంజెక్షన్ సంగతి అడగండి. గాజు చాలావరకు ఎక్స్‌రేలో కనిపిస్తుంది. తుమ్మముల్లు కనిపించదు, దానికి అల్ట్రాసౌండ్ కావాలి. చర్మానికి కుట్లు వేసి ఇంటికి పంపేస్తుంటే, కుట్లకు ముందే "టెండన్ చూశారా సార్" అని మర్యాదగా అడగండి, అడిగే హక్కు మీకుంది.

తెగిన ప్రతిదాన్నీ కుట్టాలా అంటే, ఇందులో సర్జన్లలోనే అభిప్రాయభేదాలున్నాయి. ఎఫ్‌హెచ్‌ఎల్ ఒక్కటే తెగిన కొందరు కుట్టకపోయినా బాగానే నడుస్తారు. కానీ పొట్టి కండ కూడా తెగితే, లేదా పరుగు మీద, నాట్యం మీద భవిష్యత్తు పెట్టుకున్న పిల్లలైతే కుట్టించడమే మంచిదని నేను గట్టిగా చెప్తా. తొందరగా చేస్తే రెండు కొనలు దొరుకుతాయి, నేరుగా కలపొచ్చు. వారాలు గడిస్తే కొనలు వెనక్కి లాక్కుపోయి, చుట్టూ మచ్చ కట్టి, వేరే టెండన్ ముక్క తెచ్చి అతికించాల్సి రావచ్చు. నాటు కట్టు కట్టించి నెల తర్వాత తెచ్చేవాళ్ళను చూసినప్పుడు నేను బాధపడేది ఇందుకే.

ఆపరేషన్ అయ్యాక పాదం కిందికి వాల్చి, వేలు కొంచెం వంచి కట్టు వేస్తారు, సాధారణంగా మూడు నుంచి ఆరు వారాలు. ఆ తర్వాత ఎప్పుడు ఎంత కదపాలో కుట్టిన సర్జన్ చెప్పాలి, ఎందుకంటే కుట్టు ఎంత గట్టిగా పడిందో ఆయనకే తెలుసు. తొందరపడి వేలిని పైకి లాగితే కుట్టు తెగుతుంది, భయపడి అసలు కదపకపోతే మచ్చకు అతుక్కుని బిగుసుకుపోతుంది. మునివేళ్ళ మీద లేవడానికి దాదాపు మూడు నెలలు, ఆటకు నాలుగు నుంచి ఆరు నెలలు అనుకోండి. వేలి కొన మునుపటంత వంగకపోవచ్చు, ఇది ముందే చెప్పాలి, లేకపోతే పిల్లలు ఆపరేషన్ ఫెయిలైందని టెన్షన్ పడతారు. కొన తక్కువగా వంగినా బాగా పరిగెత్తేవాళ్ళున్నారు.

షుగరున్న పెద్దవాళ్ళ విషయం కూడా చెప్పాలి. అరికాలికి స్పర్శ తగ్గినవాళ్ళకు పెంకు దిగినా తెలీదు. చెప్పులు లేకుండా చేన్లోకి వెళ్ళనివ్వకండి, రాత్రి పడుకునే ముందు ఇంట్లో ఎవరో ఒకరు వాళ్ళ అరికాళ్ళు చూడండి.

ఖర్చు గురించి భయపడి ఆగొద్దు. ప్రభుత్వ ఆరోగ్య పథకం ఉన్న ఆస్పత్రిలో ఆ పథకం సహాయ డెస్క్ ఉంటుంది, ఆధార్, రేషన్ కార్డు తీసుకెళ్ళి ముందు అక్కడ అడగండి. డిశ్చార్జ్ అయ్యేటప్పుడు ఆపరేషన్ నోట్స్ కాపీ తప్పకుండా తీసుకోండి, ఏ టెండన్‌ను ఎక్కడ ఎలా కుట్టారో అందులో ఉంటుంది. ఆ కాగితం లేకుండా వస్తే వ్యాయామం ఎంతవరకు చేయించాలో మాకు తెలియదు. ఇప్పుడు చెప్పులు విప్పి పక్కవాళ్ళ వేలు పట్టుకుని ఆ పరీక్ష చేయండి, నేను ఒక్కో వరస దగ్గరికి వచ్చి చూస్తా.