సీహేవెన్‌లో అందరూ నవ్వుతూనే ఉంటారు

ఒక రోజు ఉదయం. మబ్బు తునక కూడా లేని ఆకాశంలోంచి పెద్ద లైటు ఒకటి ఊడి నడివీధిలో భళ్లున పగులుతుంది. ఆఫీసుకు బయల్దేరిన మనిషి దగ్గరికి వెళ్లి చూస్తే దాని మీద సిరియస్ అని ఒక నక్షత్రం పేరు రాసి ఉంటుంది. తలెత్తి చూస్తాడు. పైన ఏమీ కనిపించదు. కారెక్కి రేడియో పెట్టగానే ఊరి మీదుగా వెళ్తున్న విమానం నుంచి విడిభాగాలు రాలిపడ్డాయని వార్త వస్తుంది. అతను నమ్ముతాడు. దాదాపు ముప్ఫై ఏళ్లుగా ఇలాంటివన్నీ నమ్ముతూనే వచ్చాడు.

నమస్కారం. ఇవాళ మాట్లాడుకోబోయేది 1998లో వచ్చిన 'ది ట్రూమన్ షో' గురించి. దర్శకుడు పీటర్ వియర్, రచయిత ఆండ్రూ నికోల్, ట్రూమన్‌గా జిమ్ క్యారీ. కథ మొత్తం చెప్పకుండా ఈ సినిమా గురించి నా మనసులో ఉన్నది చెప్పలేను. కాబట్టి ఇంకా చూడనివాళ్లు ఈ వీడియో ఇక్కడే ఆపి, ముందు సినిమా చూసి రండి. రెండు గంటలు కూడా పట్టదు.

ట్రూమన్ ఉండే ఊరి పేరు సీహేవెన్. చూడముచ్చటైన ఊరు. తెల్లటి కంచెలు, శుభ్రమైన వీధులు, ఎదురుపడిన ప్రతి మనిషి ముఖంలో పలకరింపు. నిజానికి అది హాలీవుడ్ కొండల్లో ఒక మహా గోపురం కింద వేసిన సెట్. అక్కడి సూర్యోదయం, వాన, సముద్రంలో తుఫాను అన్నీ ఒక గదిలో కూర్చున్నవాళ్లు మీటలు నొక్కితే జరుగుతాయి. ఐదు వేల కెమెరాలు. తల్లి, భార్య, ప్రాణస్నేహితుడు, పత్రికలు అమ్మే మనిషి, అందరూ జీతానికి నటిస్తున్నవాళ్లే. ట్రూమన్ ఒక్కడికే ఆ సంగతి తెలియదు. ఒక కంపెనీ చట్టబద్ధంగా దత్తత తీసుకున్న మొదటి బిడ్డ అతను. అతని బతుకే ప్రపంచమంతా రాత్రింబవళ్లు చూసే టీవీ షో. సినిమా మొదలయ్యేసరికి అది ప్రసారంలో 10,909వ రోజు.

ఈ సినిమాను చాలామంది స్వేచ్ఛ గురించిన కథగా చూస్తారు. నేనూ మొదట అలాగే చూశాను. రెండోసారి చూసినప్పుడు ఇంకో సంగతి పట్టుకుంది. సీహేవెన్ ఆనందం మీద నిలబడిన ఊరు కాదు. ఒక చిన్న పిల్లవాడి భయం మీద నిలబడిన ఊరు.

ఆ భయాన్ని ఎంత ఓపికగా పెంచారో గమనించండి. సీహేవెన్ ఒక ద్వీపం. ట్రూమన్ అది దాటి పోకూడదు. గోడ కడితే అనుమానం వస్తుంది. అందుకని పిల్లవాడిని తండ్రితో పడవలో పంపి, తుఫాను పుట్టించి, కళ్ల ముందే తండ్రిని ముంచేస్తారు. ఆ రోజు నుంచి అతనికి నీళ్లంటే వణుకు. పైగా ఇంకొంచెం దూరం వెళ్దామని మారాం చేసింది తనే కాబట్టి తండ్రి చావుకు తానే కారణమన్న బరువు కూడా ఆ చిన్న గుండె మీద పెట్టేశారు. బడిలో లేచి నిలబడి నేను ప్రపంచాన్ని కనిపెట్టే యాత్రికుడినవుతానంటే, ఇక కనిపెట్టడానికేమీ మిగల్లేదని టీచరు పటం చూపిస్తుంది. పెద్దయ్యాక విమానం టికెట్టు కోసం వెళ్తే, అక్కడి గోడ మీద పిడుగు పడుతున్న విమానం బొమ్మ, మీకూ ఇలా జరగవచ్చన్న మాట. అన్ని కెమెరాలు, అంత పెద్ద గోపురం ఉన్నా, అతన్ని నిజంగా కట్టిపడేసింది ఆ పడవ రోజే.

ఇక్కడ షూటింగ్ జరిగిన చోటు గురించి ఒక మాట. అమెరికాలోని ఫ్లోరిడాలో సీసైడ్ అనే నిజమైన ఊళ్లో ఈ సినిమా తీశారు. 1980లలో రాబర్ట్ డేవిస్ అనే ఆయన సుమారు 80 ఎకరాల్లో, ఆంద్రెస్ డువానీ, ఎలిజబెత్ ప్లాటర్-జైబర్క్ అనే వాస్తుశిల్పుల ప్రణాళికతో కట్టించిన ఊరు అది. మనుషులు కార్లు మాని నడవాలి, వరండాల్లో కూర్చుని పొరుగువాళ్లతో మాట్లాడాలి అన్న మంచి ఆశయంతో కట్టారు. ఆ ఊరి మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. కానీ ప్రతి కంచె, ప్రతి గుమ్మం ముందే అనుకున్నట్టు ఉండేసరికి, వియర్ కెమెరా పెట్టగానే అది సెట్‌లా కనిపించింది. అది గమనించిన కన్ను గొప్పది.

ఇప్పుడు ఈ సినిమాలో నన్ను ఎప్పుడూ వదలని సన్నివేశానికి వస్తాను.

రాత్రి. కట్టడం సగంలో ఆగిపోయిన వంతెన చివర ఇద్దరు స్నేహితులు కూర్చుని ఉంటారు. ట్రూమన్, మార్లన్. అప్పటికి ట్రూమన్‌కు ఊరు మొత్తం మీద అనుమానం వచ్చేసింది. చుట్టూ ఉన్నవాళ్లందరూ ఏదో దాస్తున్నారనిపిస్తోంది. తనకు మిగిలిన ఒకే ఒక్క మనిషి దగ్గరికి వచ్చి గోడు చెప్పుకుంటాడు. ఏడేళ్ల వయసు నుంచి కలిసి పెరిగినవాళ్లు. మార్లన్ ఆ పాత రోజులు గుర్తు చేస్తాడు. కళ్లలో నీళ్లు తిరుగుతుండగా, నీకు అబద్ధం చెప్పడం నా వల్ల ఎప్పటికీ కాదంటాడు. ఆ మాట సగంలో ఉండగానే సినిమా మనల్ని కంట్రోల్ రూముకు తీసుకెళ్తుంది. అక్కడ క్రిస్టోఫ్, అంటే ఈ ప్రపంచాన్ని సృష్టించిన దర్శకుడు, మైకులో ఒక్కో మాటా అందిస్తుంటాడు. మార్లన్ చెవిలో పడిన ప్రతి మాటా మార్లన్ నోట్లోంచి వస్తుంటుంది.

ఆ తర్వాత పొగమంచులోంచి చనిపోయాడనుకున్న తండ్రి నడిచి వస్తాడు. తండ్రీ కొడుకులు కౌగిలించుకుంటారు. క్రిస్టోఫ్ సంగీతం పెంచమంటాడు, కెమెరాను దగ్గరికి తెమ్మంటాడు. గదిలో అందరూ చప్పట్లు కొట్టి ఒకరినొకరు అభినందించుకుంటారు. ప్రపంచమంతా టీవీల ముందు ఏడుస్తుంది.

ఆ ఏడుపు నిజమైనదే. ట్రూమన్ కన్నీళ్లూ నిజమే. మరి మార్లన్ కళ్లలో నీళ్లు? నోవా ఎమెరిక్ ఆ పాత్రను ఎంత బాగా చేశాడంటే, ఎన్నిసార్లు చూసినా నాకు అంతుపట్టలేదు. ఆ మనిషి బాల్యం కూడా ఆ గోపురం కిందే గడిచింది. పరీక్షల్లో కాపీ కొట్టడం, జబ్బు చేస్తే ఒకరికొకరు తోడుండటం, ఇవన్నీ అతనికీ జరిగినవే. అందులో ఎంత జీతం, ఎంత స్నేహం అన్నది అతనికైనా తెలుసో లేదో. నా దృష్టిలో ఈ ఊరు వసూలు చేసుకున్న అసలు వెల అదే. బందీకి తాను బందీనని తెలియదు. కాపలాదారుకు మాత్రం రోజూ తెలిసే పొద్దు పొడుస్తుంది.

భార్యగా నటించే మెరిల్ సంగతి ఇంకా బాధ కలిగిస్తుంది. సీహేవెన్‌లో ప్రకటనల విరామం ఉండదు. ఇంట్లోని వస్తువులన్నీ అమ్మకానికే కాబట్టి, మాటల మధ్యలోనే ఆమె కెమెరా వైపు డబ్బా పట్టుకుని నవ్వుతూ గుణాలు చెప్పాలి. భర్త నిలువునా కూలిపోతున్న వేళ వంటింట్లో ఆమె కోకో డబ్బా చూపిస్తుంది. నువ్వు ఎవరితో మాట్లాడుతున్నావని అతను అరుస్తాడు. చివరికి ఆమె ఏడుస్తూ, ఇలాంటి పరిస్థితుల్లో పని చేయడం ఎలా అన్నట్టు మాట్లాడుతుంది. ఆ క్షణంలో ఆమె ఒక నటి అని కాక, ఏళ్ల తరబడి డ్యూటీ దిగకుండా అలసిపోయిన మనిషి అని అర్థమవుతుంది. లారా లిన్నీ ఆ నవ్వునూ, నవ్వు వెనక బెదురునూ ఒకేసారి చూపించింది.

క్రిస్టోఫ్‌గా ఎడ్ హ్యారిస్ గురించి చెప్పకపోతే అన్యాయం. గొంతు పెంచడు. తెర మీద నిద్రపోతున్న ట్రూమన్ ముఖాన్ని వేలితో నిమురుతాడు. నేను కట్టిన లోకమే బయటి లోకం కంటే మంచిదని మనస్ఫూర్తిగా నమ్ముతాడు. బిడ్డకు దెబ్బ తగలకుండా పెంచాలన్న తపన ఎక్కడ మొదలై ఎక్కడ హింసగా మారుతుందో ఆ వేలు చెబుతుంది. అదే మనిషి ఆఖరికి, పారిపోతున్న కొడుకులాంటివాడిని సముద్రంలో ముంచేయడానికి వెనకాడడు.

అదే 1998లో గ్యారీ రాస్ తీసిన 'ప్లెజెంట్‌విల్' వచ్చింది. పాత టీవీ సీరియల్ లోపలి నలుపు తెలుపు ఊరు. వాన పడదు, పుస్తకాల్లో పేజీలు ఖాళీ, వీధి చివరికి వెళ్తే మళ్లీ మొదటికే వస్తారు. అందంగా తీశారు. మనుషులకు ఒక్కొక్కరికీ రంగు వస్తుంటే రంగు వచ్చినవాళ్లను వెలివేసే ఘట్టం నాకు నచ్చింది. అయితే ఆ ఊరి పద్ధతికి ఎవరో కూర్చుని లెక్కలు వేసినట్టు ఉండదు. సీహేవెన్‌లో ఆ లెక్క ఉంది. అందుకే ఇది ఎక్కువ భయపెడుతుంది.

మన తెలుగులో 2024లో నాగ్ అశ్విన్ తీసిన 'కల్కి 2898 ఏడీ'లో కూడా ఇలాంటి లోకం ఉంది. కాశీ మీద తలకిందుల పిరమిడ్‌లా వేలాడే కాంప్లెక్స్. కింద నీటిచుక్క లేదు, పైన పచ్చదనం, సముద్రం. అందులోకి పోవాలంటే పది లక్షల యూనిట్లు, అంటే అక్కడి డబ్బు, కావాలి. ఆ వైభవం లోపల ఆడవాళ్ల గర్భాలతో ప్రయోగాలు. అక్కడ వెల చెల్లించేవాళ్లు ఎవరో మొదటి చూపులోనే తెలుస్తుంది, కోపం వస్తుంది. నాకున్న కొరత ఒకటే: పైన సుఖంగా ఉన్నవాళ్లలో ఒక్క మనిషితోనైనా కాసేపు కూర్చుని ఉంటే బాగుండేది. కింద జరిగేది వాళ్లకు తెలుసా? తెలిసీ నిద్రపోతున్నారా? 'ట్రూమన్ షో' ఆ నిద్రపోని మనుషులను చూపించింది కాబట్టే ఇన్నేళ్లయినా పాతబడలేదు.

లోపాలు లేవని కాదు. ట్రూమన్‌కు నిజం చెప్పబోయి షో నుంచి బయటికి పంపేయబడిన సిల్వియా పాత్రకు నటాషా మెకెల్హోన్ ప్రాణం పోసినా, రచనలో ఆమె పలచగానే మిగిలింది. బయట ఆమె ఎవరితో కలిసి, ఎలా పోరాడుతోందో ఇంకాస్త చూపించాల్సింది. అలాగే ప్రేక్షకులు అందరూ అమాయకులైన అభిమానులే. వాళ్లలో ఒక్కరైనా సిగ్గుపడి టీవీ కట్టేసి ఉంటే నాకు ఊరటగా ఉండేది.

ఒక సంగతి మాత్రం సినిమా వచ్చిన రోజు కంటే ఇప్పుడు ఎక్కువ గుచ్చుకుంటోంది. ట్రూమన్ పుట్టకముందే కెమెరా అతని మీద ఉంది. బారసాల, అన్నప్రాసన, మొదటి అడుగు, మొదటి జ్వరం, బడికి వెళ్లనని ఏడ్చిన ఏడుపు, అన్నీ వీడియోలుగా పెట్టే తల్లిదండ్రులు మన మధ్య చాలామంది ఉన్నారు. వాళ్లు పిల్లలను ప్రేమించరని నేను అనను. క్రిస్టోఫ్ కూడా ప్రేమించాడు. ఆ బిడ్డ పెద్దయ్యాక, నన్ను ఎందుకు అడగలేదు అంటే ఏం చెబుతారో ఇప్పుడే అనుకుని పెట్టుకోమని మాత్రం ప్రాధేయపడుతున్నాను.

ఇక చివరి ఘట్టం. ట్రూమన్ పారిపోతున్న పడవ ముక్కు ఆకాశాన్ని, అంటే గోపురం గోడను, గుచ్చుకుంటుంది. ట్రూమన్ ఆ గోడను చేత్తో తడిమి, పిడికిళ్లతో కొట్టి, గోడ వెంట నడిచి మెట్లెక్కుతాడు. వంగి నమస్కరించి తలుపు దాటుతాడు. బయట జనం ఎగిరి గంతేస్తారు. కాసేపటికి ఇద్దరు పార్కింగ్ గ్యారేజీ ఉద్యోగులు వేరే ఛానెల్లో ఏం వస్తోందో వెతుక్కుంటారు.

బయటికి వెళ్లిన ట్రూమన్ ఏమయ్యాడో ఊహించుకోవడం నాకు ఎప్పుడూ కష్టమనిపించలేదు. సిల్వియా పరుగెత్తుకుంటూ వస్తోంది కదా. నేను ఊహించుకోలేనిది మార్లన్‌ను. ఏడేళ్ల వయసు నుంచి చేస్తున్న పని ఆ రాత్రితో ఆగిపోయింది. లైట్లు ఆర్పేసిన సెట్‌లో ఆ వంతెన ఇంకా అలాగే సగంలో ఉంటుంది. మర్నాడు అతను ఎవరి దగ్గరికి వెళ్లి ఉంటాడు? ఇంతకాలం గోడు చెప్పుకోవడానికి అతనికి మాత్రం ఇంకెవరున్నారు?