ఉప్పు పెడితే ఇరవై ఏళ్లు, అబద్ధం పెడితే ఆరేళ్లు!

నమస్తే అండీ. ఇవాళ్టి వీడియో కొంచెం ఘాటుగానే ఉంటుంది. పక్కన పిల్లలు ఉంటే ఇయర్‌ఫోన్స్ పెట్టుకోండి.

అమెరికా అమ్మాయి జిప్సీ రోజ్ కథ మీకు కొత్తగా చెప్పక్కర్లేదు. నడవగలిగే పిల్లని చక్రాల కుర్చీలో కూర్చోబెట్టి, లేని జబ్బులన్నీ అంటగట్టి, పొట్టలో గొట్టం పెట్టించిన తల్లి. 2015లో ఆ కూతురు తన ప్రియుడితో కలిసి ప్లాన్ వేసింది, అతను ఆ తల్లిని పొడిచి చంపాడు. కూతురికి పదేళ్ల శిక్ష పడింది, 2023 డిసెంబరులో బయటికొచ్చింది. "ఆ పిల్ల హీరోయినా, హంతకురాలా" అని అప్పటినుంచీ కొట్టుకుంటూనే ఉన్నారు. నేను అందులోకి పోను. నా ప్రశ్న వేరే. ఆ తల్లి బతికుండి బోనెక్కితే ఎన్నేళ్లు పడేవి?

నా లెక్క ప్రకారం, కూతురికి పడ్డ పదేళ్లు కూడా పడేవి కావేమో!

గాలి మాట కాదండీ. అమెరికాలోనే జరిగిన ఇంకో మూడు కేసులు పక్కపక్కన పెట్టి చూశాను. చూశాక నాకు ఒకటే అనిపించింది. తల్లి బిడ్డకు ఉప్పు పెట్టి చంపితే ఇరవై ఏళ్లు. తల్లి డాక్టరుకు అబద్ధం పెట్టి బిడ్డను కోయిస్తే ఆరేళ్లు. ఇదీ రేటు.

ముందు ఆరేళ్ల సంగతి. డాలస్. అవును, మన వాళ్లు బోలెడంతమంది ఉన్న డాలసే. కేలీన్ బోవెన్ రైట్ అనే తల్లి. 2009 నుంచి 2016 మధ్య కొడుకుని డాలస్, హ్యూస్టన్ ఆస్పత్రుల చుట్టూ ఎన్నిసార్లు తిప్పిందో తెలుసా? 323 సార్లు. పిల్లాడికి జరిగిన పెద్ద సర్జరీలు 13. క్యాన్సర్ అంది. ఊపిరితిత్తులు మార్చాలంది. ఇక ఆఖరి రోజులు అని కూడా చెప్పింది. వాడికి క్యాన్సర్ లేదు, ఏమీ లేదు. చివరికి ఒక ఆస్పత్రి సిబ్బందికే అనుమానం వచ్చి ఫిర్యాదు చేస్తే 2017 డిసెంబరులో అరెస్ట్ చేశారు. 2019లో ఆమె నేరం ఒప్పుకుంది. ఏ నేరం? "రెక్‌లెస్‌గా" బిడ్డకు గాయం చేసిన నేరం. అంటే కావాలని కాదట, ఏమవుతుందో పట్టించుకోకుండా చేసిందట.

ఒకసారి పట్టించుకోలేదంటే ఒప్పుకుంటా. 323 సార్లు పట్టించుకోకపోవడం ఏంటండీ? అంత శ్రద్ధగా ఎవరైనా నిర్లక్ష్యం చేస్తారా?

శిక్ష, ఆరేళ్లు.

"కంచే చేను మేస్తే" అని టైప్ చేస్తున్న వాళ్లు ఒక్క నిమిషం ఆగండి. ఇక్కడ కంచె చేను మేయలేదు. కంచె వెళ్లి పక్కూరి గేదెల్ని పిలుచుకొచ్చి మేపింది. అసలు చిక్కంతా ఇక్కడే. ఆ పిల్లాడి ఒంటి మీద కత్తి పెట్టింది తల్లి కాదు, సర్జన్. మత్తు ఇచ్చింది తల్లి కాదు, మత్తు డాక్టరు. తల్లి చేసిందల్లా నోటితో చెప్పడం, కాగితం మీద సంతకం పెట్టడం.

పిల్లల డాక్టరు దగ్గరికి వెళ్లినవాళ్లకు ఇది తెలుసు. మొన్న మా పిల్లకి జ్వరం వస్తే తీసుకెళ్లాను. డాక్టరమ్మ స్టెత్ పెట్టింది ముప్పై సెకన్లు. మిగతా పది నిమిషాలూ మా ఆవిణ్ణే అడిగింది. ఎప్పటినుంచి? ఎన్ని వాంతులు? రాత్రి నిద్రపోయిందా? మా ఆవిడ "మూడు వాంతులు" అంటే చీటీ మీద మూడు అని రాసింది. ఆరు అంటే ఆరే రాసేది కదా! మాటలు రాని పిల్లకి తల్లే నోరు. వైద్యం మొత్తం ఆ నమ్మకం మీదే నడుస్తుంది. అందులో తప్పు లేదు కూడా. ప్రతి తల్లినీ అనుమానిస్తే ఏ డాక్టరూ ప్రాక్టీస్ చేయలేడు.

మరి ఆపరేషన్ ముందు ఫారం ఇస్తారు కదా, "ఏం జరిగినా మాదే బాధ్యత" అని, చేతులు వణుకుతుంటే సంతకం పెడతాం. ఆ సంతకం ఉంటేనే కోత వైద్యం అవుతుంది. లేకపోతే అది దాడి. ఇప్పుడు చెప్పండి. అబద్ధం చెప్పి పొలం రిజిస్ట్రేషన్ చేయిస్తే ఆ కాగితం చెల్లదని కోర్టుకెక్కుతాం కదా. సెంటు భూమికి ఉన్న రూలు పసివాడి పొట్టకు లేదా? అబద్ధం మీద పెట్టిన సంతకం సంతకమే కాదు. అప్పుడు ఆ 13 సర్జరీలు ఏమవుతాయి? తల్లి వేరేవాళ్ల చేత చేయించిన 13 దాడులు. ఒక్కో సర్జరీకి ఒక్కో కౌంట్, అంటే విడి అభియోగం వేయాలి, ఒక్కో కౌంట్‌కి ఒక్కో శిక్ష పడాలి. ఇది నా థియరీ. లాయర్లు నవ్వుకుంటే నవ్వుకోండి, కానీ ఎందుకు కుదరదో కింద రాయండి.

ఇక ఉప్పు సంగతి.

మన ఇళ్లలో తల్లి గుప్పిట్లో ఉప్పు పట్టుకుందంటే దేనికి? బిడ్డకు దిష్టి తీయడానికి. మూడుసార్లు తిప్పి నీళ్లలో పడేస్తుంది. ఆ దృశ్యం కళ్ల ముందు పెట్టుకుని ఈ కేసు వినండి.

న్యూయార్క్ రాష్ట్రం, 2014 జనవరి. లేసీ స్పియర్స్ అనే తల్లి, గార్నెట్ అనే ఐదేళ్ల కొడుకు. పసితనం నుంచే వాడికి పొట్టలో గొట్టం, "తిండి నిలవదు" అని. వాడి జబ్బుల మీద ఆమె బ్లాగు రాసేది, చదివి లోకమంతా అయ్యో అనేది. వాడి తండ్రి పోలీసు ఆఫీసరనీ చనిపోయాడనీ చెప్పేది, అలాంటి మనిషే లేడు. ఆస్పత్రిలో మూర్ఛ కోసం మెదడు పరీక్ష చేస్తున్నారు, ఆ పరీక్షకు గదిలో కెమెరా ఉంటుంది. తల్లి చేతిలో చిన్న గొట్టం పట్టుకుని పిల్లాణ్ణి బాత్రూంలోకి తీసుకెళ్లడం, బయటికొచ్చాక వాడు కొద్దిసేపటికే విలవిల్లాడటం, అంతా రికార్డయింది. ఒంట్లో సోడియం, అంటే ఉప్పులో ఉండేదే, కారణం దొరకనంతగా పెరిగిపోయింది. జనవరి 23న వాడు చనిపోయాడు.

ఆ మధ్యలో ఆమె ఒక పని చేసింది. ఇంటి దగ్గర ఉన్న స్నేహితురాలికి ఫోన్ చేసి, గదిలో ఉన్న ఫీడింగ్ బ్యాగ్ (పొట్టలో గొట్టంలోకి తిండి పంపే సంచి) తీసి పారేయమంది. బిడ్డ ఆస్పత్రిలో కొట్టుమిట్టాడుతుంటే తల్లికి చెత్త గుర్తొచ్చిందా? ఆ స్నేహితురాలు పారేయలేదు, పోలీసులకు ఇచ్చింది. దండం పెట్టాలి ఆవిడకి. ఒక బ్యాగులో 69 మెక్‌డొనాల్డ్స్ ఉప్పు పొట్లాలంత ఉప్పు ఉందని కోర్టులో తేల్చారు.

2015 మార్చిలో జ్యూరీ హత్య అని తేల్చింది. ఏప్రిల్‌లో శిక్ష, కనీసం ఇరవై ఏళ్లు, గరిష్ఠంగా జీవితాంతం.

సరే, న్యాయం జరిగిందిగా అంటారా? ఆగండి. ఆ విచారణ మొత్తంలో ప్రాసిక్యూషన్ "ముంచౌసెన్ బై ప్రాక్సీ" (బిడ్డకు జబ్బులు అంటగట్టే లేదా తెప్పించే తల్లి మనోరోగానికి పెట్టిన పేరు) అనే మాటని జ్యూరీ ముందు కేసుగా పెట్టలేదు. నా అంచనా ఏంటంటే, జబ్బు పేరు ఎత్తితే జ్యూరీ "పాపం ఆమెకు పిచ్చి" అనుకుంటుందని భయం. అందుకే ఉప్పు, బ్యాగు, కెమెరా, ఈ మూడే చూపించారు. మరి ఆ మాట ఎప్పుడొచ్చింది? శిక్ష వేసే రోజు, జడ్జి నోట. అదీ కనీస గడువుగా వేయదగ్గ ఇరవై ఐదేళ్లకి బదులు ఇరవై ఎందుకు వేస్తున్నాడో చెప్పేటప్పుడు. అంటే ఆ పేరు పనికొచ్చింది తల్లికి ఐదేళ్లు తగ్గించడానికి!

అసలు ఆ పేరే దరిద్రం. ముంచౌసెన్ అంటే జర్మనీలో గొప్పలు చెప్పుకునే ఒక దొర, మన భాషలో కోతలరాయుడు. పసిపిల్లల్ని హింసించే నేరానికి కోతలరాయుడి పేరు! 1977లో రాయ్ మీడో అనే బ్రిటిష్ డాక్టరు ఆ పేరు పెట్టాడు. ఆయన రాసిన మొదటి రెండు కేసుల్లో ఒకటి ఏంటో తెలుసా? ఉప్పే. తర్వాత పిల్లల డాక్టర్లే "తల్లికున్న జబ్బు పేరు మాకెందుకు, బిడ్డకు జరిగింది చెప్పండి" అని మెడికల్ చైల్డ్ అబ్యూజ్, అంటే వైద్యం ద్వారా బిడ్డను హింసించడం అనే మాట తెచ్చారు. మంచి మాట. కానీ నేను చెప్తున్న మూడు కేసుల్లో ఒక్కదాంట్లో కూడా ఆ పేరుతో నేరం మోపలేదు. ఒకచోట హత్య, ఒకచోట గాయం, మూడో చోట... మూడోది వినండి, ఇంకా మండుతుంది.

కొలరాడో. కెల్లీ టర్నర్. కూతురు ఒలీవియా, ఏడేళ్లు. పాప చనిపోబోతోందని చెప్పి చివరి కోరికలు తీర్చే సంస్థ చేత పెద్ద పార్టీ చేయించింది. ఫోటోల్లో ఆ పాప రాకుమారి వేషంలో ఉంటుంది. తర్వాత పోషకాహారం ఆపేయించి ఆఖరి రోజుల్లో ఉన్నవాళ్లను చూసుకునే హాస్పిస్‌లో చేర్చింది. 2017 ఆగస్టులో పాప పోయింది. ఏడాది తర్వాత అదే తల్లి ఇంకో కూతుర్ని తీసుకెళ్లి ఎముకల నొప్పులు అనేసరికి డాక్టర్లకి దిమ్మ తిరిగింది. సమాధి తవ్వి పోస్టుమార్టం చేస్తే తల్లి చెప్పిన ప్రాణాంతక జబ్బుల ఆనవాళ్లే లేవు. మొదట పెట్టింది హత్య కేసు. తర్వాత బేరం కుదిరింది, హత్య పోయింది. 2022లో పడిన శిక్షలు చూడండి. బిడ్డ చావుకి కారణమైన నిర్లక్ష్యానికి పదహారేళ్లు. దొంగతనానికి పదేళ్లు. విరాళాల మోసానికి మూడేళ్లు. అన్నీ కలిపి ఒకేసారి అనుభవిస్తే చాలు.

ప్రభుత్వ వైద్య పథకం నుంచి, దాతల నుంచి డబ్బు గుంజినందుకు పదేళ్లు. డాలస్‌లో బిడ్డని 13 సార్లు కోయించినందుకు ఆరేళ్లు. పర్సు పోతే పరిగెత్తే చట్టం, పేగులు పోతే ఫారం అడుగుతోందండీ!

ఇప్పుడు తెలివైనవాళ్లు శాలీ క్లార్క్ పేరు తీస్తారు. తీయండి, నాకూ తెలుసు. ఇంగ్లండ్‌లో ఇద్దరు పసివాళ్లు ఊయల్లోనే పోతే, చంపిందని కేసు పడ్డ తల్లి. ఇందాక చెప్పిన అదే మీడో 1999లో బోనెక్కి, ఒకే ఇంట్లో అలా ఇద్దరు పోయే అవకాశం 7 కోట్ల 30 లక్షల్లో ఒకటి అన్నాడు. ఎలా వచ్చింది? ఒక బిడ్డ అలా పోయే అవకాశం 8,543లో ఒకటి అని, 8,543ని 8,543తో గుణించేశాడు. ఒకే తల్లి, ఒకే తండ్రి, ఒకే ఇల్లు అయినప్పుడు అలా గుణించకూడదని ఇంటర్ పిల్లాడు కూడా చెప్తాడు. ఆమె 2003 వరకు జైల్లో ఉంది. నిర్దోషి అని వదిలాక నాలుగేళ్లకే పోయింది. ఘోరం. ఫ్లోరిడాలో మాయా కొవాల్స్కీ తల్లి సంగతీ తెలుసు. ఇలాంటి అనుమానంతోనే ఆస్పత్రి బిడ్డను దూరం పెడితే ఆమె ప్రాణం తీసుకుంది. 2023లో జ్యూరీ కుటుంబానికి 20 కోట్ల డాలర్లకు పైగా ఇమ్మంది. అప్పీలు కోర్టు దాన్ని కొట్టేసి మళ్లీ విచారించమంది.

నేను కాదనట్లేదు. కానీ అక్కడ బోనెక్కింది ఏంటి? నిపుణుడి అంచనా, డాక్టరు అనుమానం. నేను అడుగుతున్నది కాగితం. తల్లి ఏ తేదీన ఏం చెప్పింది, అదే రోజు పరీక్షలో ఏం వచ్చింది. పక్కపక్కన రెండు గళ్లు గీసి రాయండి. 323 వరసలు వస్తాయి. దానికి మనస్తత్వ శాస్త్రం ఎందుకు? కిరాణా కొట్టు ఖాతా చూసే గుమాస్తా చాలు. లేదంటే కెమెరా. ఇంగ్లండ్‌లోనే డేవిడ్ సౌతాల్ బృందం అనుమానం ఉన్న 39 మంది పిల్లల గదుల్లో రహస్య కెమెరాలు పెడితే 33 కేసుల్లో హింస రికార్డయిందని 1997లో ప్రచురించింది. ఆ డాక్టర్ని ఎంత తిట్టారో, అది ఇంకో వీడియో.

ఒక్కటి మాత్రం చెప్పి ఆపేస్తా. డాలస్ పిల్లాడికి తండ్రి ఉన్నాడు. తల్లి అరెస్ట్ కావడానికి ఏళ్ల ముందే ఆయన ఫ్యామిలీ కోర్టుకి వెళ్లి, నా కొడుక్కి ఆ జబ్బులేవీ లేవు అని మొత్తుకున్నాడు. ఎదురుగా తల్లి, ఆమె చేతిలో ఆస్పత్రి ఫైళ్లు. కోర్టు ఫైళ్లని నమ్మింది. కొడుకుని చూడ్డానికి కూడా వీల్లేదని ఆయన్ని బయటికి పంపేసింది. ఆ తర్వాత కూడా పిల్లాడు ఆస్పత్రులకి తిరుగుతూనే ఉన్నాడు.

ఆ ఫ్యామిలీ కోర్టు జడ్జి మీద ఏ కౌంట్ వేయాలో మీరే రాయండి. చదువుతా, ఒక్కోటీ చదువుతా.