కదలని మసక

శ్రోతలకు నమస్కారం.

తోకచుక్కల కోసం వెతికేవాళ్లకి అన్నిటికన్నా చిరాకు తెప్పించేది ఏమిటో తెలుసా? తోకచుక్కలాగే కనబడి, తీరా చూస్తే తోకచుక్క కానిది. 1758 ఆగస్టు చివర్లో, ప్యారిస్‌లో చార్లెస్ మెస్సియర్ అనే ఇరవై ఎనిమిదేళ్ల యువకుడికి అలాంటిదే ఎదురైంది. వృషభరాశిలో, ఎద్దు కొమ్ము కొస పక్కన, తెల్లటి మసక ఒకటి కనిపించింది. కొవ్వొత్తి మంటలా కోలగా ఉంది. దూరాన ఉన్న తోకచుక్కకి ఇంకా తోక మొలవదు, అదీ ఇలాగే మసగ్గానే ఉంటుంది. తేడా ఒక్కటే. తోకచుక్క రోజురోజుకీ చుక్కల మధ్య చోటు మారుతుంది. ఇది మారలేదు.

ఇలా మోసపోయేవాళ్లు ఇంకా ఉంటారని, ఆకాశంలో కదలని మసకలు ఎక్కడెక్కడున్నాయో రాసిపెట్టడం మొదలుపెట్టాడు మెస్సియర్. 1774లో అచ్చయిన మొదటి పట్టికలో 45 ఉన్నాయి. 1781 నాటికి అవి 103 అయ్యాయి. సాటి పరిశీలకుడు పియెర్ మెషేన్ కనిపెట్టినవి కూడా అందులో చేరాయి. మన కృత్తికలు ఆ పట్టికలో నలభై అయిదోవి. మెస్సియర్ జీవితమంతా పరితపించింది తోకచుక్కల కోసం. ఇవాళ ఆయన పేరు నిలబెట్టింది మాత్రం, పక్కన పెట్టడానికని ఆయన రాసుకున్న ఈ పట్టికే. ఎం1, ఎం31, ఎం42 అని ఖగోళాభిమానులు ముద్దుగా పిలుచుకునేవన్నీ ఆ వరస సంఖ్యలే.

ఆ ఎం1, అంటే వృషభరాశిలో ఆయన్ని మోసగించిన ఆ మసక, ఏమిటో ఆయనకు తెలిసే వీలు లేదు. 1054లో చైనా పరిశీలకులు ఒక కొత్త చుక్కను చూశారు. ఇరవై మూడు రోజుల పాటు అది పట్టపగలే కనిపించిందని రాసిపెట్టారు. నిజానికి అది పేలిపోయిన నక్షత్రం. అది చెదిరి పరుచుకున్న అవశేషమే ఈ ఎం1. దీన్నే పీత నిహారిక అంటారు; నిహారిక అంటే ఆకాశంలో మబ్బులా కనిపించే మసక. దాని నడిబొడ్డున మిగిలిన కేంద్రకం ఇప్పటికీ సెకనుకు ముప్పై చుట్లు తిరుగుతోంది.

ఇక నేను మనసారా చెప్పాలనుకున్న మనిషి దగ్గరికి వస్తాను. ఆమె పేరు కారొలిన్ హెర్షెల్.

జర్మనీలోని హానోవర్‌లో 1750లో పుట్టింది. పదేళ్లప్పుడు వచ్చిన జ్వరం ఆమె ఎదుగుదలను ఆపేసింది. పెద్దయ్యాక కూడా నాలుగడుగుల పైన మూడంగుళాలే. ఇంటి చాకిరీకి పనికొస్తే చాలని తల్లి అనుకుంది. అన్న విలియం ఇంగ్లండులో సంగీతం చెప్పుకుని బతికేవాడు. 1772లో చెల్లెల్ని తన దగ్గరికి తెచ్చుకుని పాట నేర్పాడు. ఆమె కచేరీల్లో పాడింది కూడా. కానీ అన్నకి నక్షత్రాల పిచ్చి పట్టింది. టెలిస్కోపు అద్దాలు తానే పోతపోసి, తానే సాన పట్టేవాడు. మెరుగు పెడుతున్నప్పుడు మధ్యలో చెయ్యి తీస్తే అద్దం పాడవుతుంది. ఒకసారి పదహారు గంటల పాటు చెయ్యి తియ్యలేదు. అంతసేపూ కారొలిన్ పక్కన కూర్చుని అన్న నోట్లో ముద్దలు పెట్టింది. ప్రాణాలు నిలబడాలిగా అని ఆవిడే తర్వాత రాసుకుంది.

1781లో విలియం యురేనస్ గ్రహాన్ని కనిపెట్టాడు, రాజుగారి ఆదరణ దొరికింది. అక్కణ్ణించి అన్నాచెల్లెళ్లిద్దరూ రాత్రుళ్లు ఆకాశాన్ని పట్టీలు పట్టీలుగా ఊడ్చినట్టు చూడసాగారు. ఇరవై అడుగుల టెలిస్కోపు దగ్గర, ఆరుబయట, చలిలో అన్న. లోపల కిటికీ దగ్గర దీపం, గడియారం, నక్షత్రాల పట్టికలతో చెల్లెలు. ఈ పని పంపకంలో ఒక కిటుకుంది. చీకటికి అలవాటుపడిన కన్ను దీపం వైపు ఒక్కసారి తిరిగితే చాలు, మళ్లీ చీకటికి అలవాటు పడటానికి చాలాసేపు పడుతుంది. అందుకని విలియం కన్ను తియ్యకుండా కనిపించింది కనిపించినట్టు గట్టిగా చెప్పేవాడు, కారొలిన్ వేళతో సహా రాసేది. పొద్దున్నే ఆ లెక్కలన్నీ సరిచేసి సాపు రాసేది. దాదాపు ఇరవై ఏళ్లలో అలా సుమారు 2,500 నిహారికలు, నక్షత్ర గుచ్ఛాలు పట్టికకెక్కాయి.

ఒక్క రాత్రి సంగతి చెబుతాను. 1783 డిసెంబరు 31. మబ్బుగా ఉన్న ఆకాశం కాసేపు తెరిపిచ్చింది. టెలిస్కోపును పక్కకు జరపమని అన్న తొందరపెట్టాడు. కింద అడుగు లోతు మంచు కరుగుతోంది. చీకట్లో పరిగెత్తిన కారొలిన్ జారిపడింది. యంత్రానికున్న పెద్ద ఇనుప కొక్కెం మోకాలి పైన తొడలోకి దిగింది. ఆమెను పైకి లేపితే కొంత కండ ఆ కొక్కేనికే ఉండిపోయింది. ఆ గాయం గురించి రాస్తూ ఆమె చెప్పుకున్న ఊరట ఇది: మిగతా రాత్రంతా మబ్బే కాబట్టి అన్నగారి పనికి నష్టం కలగలేదట. ఇది చదివిన ప్రతిసారీ నా గొంతు పట్టేస్తుంది.

ఆమె కేవలం రాయసగత్తె అనుకుంటే పొరపాటు. తన చిన్న టెలిస్కోపుతో 1783లోనే కొన్ని మసకల్ని కనిపెట్టింది. అందులో ఒకటి శిల్పి రాశిలోని పెద్ద గెలాక్సీ. తర్వాత వచ్చిన ఎన్‌జీసీ అనే పట్టికలో దాని సంఖ్య 253. ఎనిమిది తోకచుక్కల్ని పట్టుకుంది. 1787 నుంచి రాజు ఆమెకు ఏడాదికి 50 పౌండ్ల జీతం ఇచ్చాడు. అన్న పోయాక, డెబ్బై దాటిన వయసులో, ఆ 2,500 వస్తువుల్నీ ఆకాశపు పట్టీల ప్రకారం మళ్లీ వరసపెట్టింది. మేనల్లుడు జాన్ వాటిని మరోసారి చూడాలంటే ఆ వరస ఉండాలి మరి. ఆ పనికి 1828లో లండన్ ఖగోళ సంఘం బంగారు పతకం ఇచ్చింది. జాన్ దక్షిణాఫ్రికా కొస దాకా వెళ్లి అక్కడి ఆకాశాన్నీ కలిపి 1864లో 5,079 వస్తువుల పట్టిక వేశాడు. డ్రేయర్ అనే ఖగోళ శాస్త్రవేత్త దాన్ని పెంచి 1888లో 7,840 చేశాడు. ఇందాక చెప్పిన ఎన్‌జీసీ అదే. పరిశీలకులు ఇప్పటికీ ఆ సంఖ్యలే వాడుతున్నారు.

ఇంతకీ ఈ మసకలు ఏమిటి? ఎంత రాసినా ఆ ప్రశ్న అలాగే ఉండిపోయింది. 1864లో లండన్‌లో విలియం హగ్గిన్స్ అనే ఖగోళ పరిశీలకుడు ఒక నిహారిక వెలుగును పట్టకంతో విడదీశాడు. నక్షత్రాలదైతే ఇంద్రధనుస్సులా పరుచుకోవాలి. ఆయనకు కనిపించింది ఒంటరిగా మెరిసే గీత. అంటే అది వాయువు. అయితే అన్నీ వాయువులు కావు. దేవయాని రాశిలోని ఎం31 వెలుగు ఇంద్రధనుస్సులా పరుచుకునే రకం.

దాని దూరం కొలవడానికి కొలబద్ద ఇచ్చింది కూడా రాతపని చేసే మరో స్త్రీయే. హార్వర్డ్‌లో గాజు పలకల మీది ఫోటోలు పరిశీలించే హెన్రియెటా లెవిట్, వెలుగు పెరిగీ తరిగీ ఉండే ఒక రకం నక్షత్రాల్లో ఆ చక్రం ఎంత నిదానమైతే అసలు కాంతి అంత ఎక్కువని 1912లో చూపించింది. అసలు కాంతి తెలిస్తే, మనకు ఎంత మసగ్గా కనబడుతోందో దాన్ని బట్టి దూరం లెక్కకట్టొచ్చు. 1921లో ఆమె కన్నుమూసింది. రెండేళ్ల తర్వాత, 1923 అక్టోబరులో, అమెరికా ఖగోళ శాస్త్రవేత్త ఎడ్విన్ హబుల్ ఎం31 ఫోటో పలక మీద అలాంటి నక్షత్రాన్ని గుర్తించాడు. మొదట దాని పక్కన కొత్త చుక్క అన్న గుర్తుగా ఒక అక్షరం వేశాడు. తర్వాత దాన్ని కొట్టేసి, వెలుగు మారే నక్షత్రమని ఆశ్చర్యార్థకంతో సహా రాశాడు. ఆ నక్షత్రంతో దూరం లెక్కకడితే తేలింది ఇది: ఎం31 మన పాలపుంతలో భాగం కాదు, తనే ఇంకో గెలాక్సీ. ఇప్పటి లెక్క ప్రకారం దాని దూరం 25 లక్షల కాంతి సంవత్సరాలు.

దాన్ని చూడటానికి మీకు ఏ పరికరమూ అక్కర్లేదు. చిన్న మబ్బు తునకలా ఉందని పర్షియా ఖగోళ పండితుడు అల్ సూఫీ 964లోనే రాసిపెట్టాడు. నవంబరు రాత్రుల్లో, చంద్రుడు లేనప్పుడు, దీపాలకు దూరంగా వెళ్లండి. ఉత్తరాన ఇంగ్లీషు ఎం అక్షరం ఆకారంలో అయిదు చుక్కల శర్మిష్ఠ రాశి కనిపిస్తుంది. అందులో లోతైన కోణం బాణంలా చూపే వైపు కళ్లు పోనివ్వండి. అక్కడున్న మసకను సూటిగా చూస్తే మాయమవుతుంది. కంటి నడిమి భాగానికి మసక వెలుగులో చూపు తక్కువ. అందుకని కాస్త పక్కకు చూడండి. మెల్లగా, కంటి అంచున, తేలి వస్తుంది.