తోడు పంచిన ఊరు

అందరికీ నమస్కారం.

ఇక్కడికి బయల్దేరే ముందు పాలు తోడుపెట్టి వచ్చినవాళ్లు మీలో కొందరైనా ఉంటారు. నేను చెప్పబోయేది వాళ్లకు బాగా తెలిసిన విషయమే, ఊరు మాత్రమే కొత్తది. ఆ ఊరి పేరు స్టూడెన్ ఇజ్వోర్. ‘చల్లని ఊట’ అని అర్థం. బల్గేరియా పడమటి కొసన, సెర్బియా సరిహద్దు దగ్గర, ట్రున్ అనే చిన్న పట్నం పక్కన ఉంటుంది. రాజధాని సోఫియా నుంచి ట్రున్‌కు సుమారు 80 కిలోమీటర్లు.

పేరులో ఉన్న చలి అబద్ధం కాదు. 1947 జనవరిలో ట్రున్‌లో మైనస్ 38.3 డిగ్రీలు నమోదైంది. బల్గేరియాలో ఇప్పటికీ అదే రికార్డు. చుట్టూ కొండలు, సరిహద్దు మీద 1706 మీటర్ల రూయ్ శిఖరం. ఎర్మా అనే ఏరు సెర్బియాలో పుట్టి ఇటు వస్తుంది, ట్రున్ దగ్గర రాతిని కోసుకుంటూ ఇరుకు లోయలోంచి దూకి మళ్లీ సెర్బియాలోకి పోతుంది. ఏటికి అడ్డేముంది? మనుషులకే వచ్చింది. మొదటి ప్రపంచ యుద్ధంలో ఓడాక 1919లో కుదిరిన నెయ్యీ ఒప్పందంతో ఈ ప్రాంతం పడమటి భాగం బల్గేరియా చేజారింది.

ఇలాంటి నేలలో పంట ఇంటిల్లిపాదికీ చాలేది కాదు. మగవాళ్లు తాపీ పనికి వలస పోయేవాళ్లు. ట్రున్ తాపీ మేస్త్రీలంటే అక్కడ పేరే. పొలమూ గొర్రెలూ ఆడవాళ్ల చేతి మీద నడిచేవి.

ఆ చేతుల్లోనే పెరుగు తయారయ్యేది. వాళ్ల భాషలో ‘కిసెలో మ్ల్యాకో’, పుల్లపాలు. గొర్రెపాలు కాచి దించాక అమ్మమ్మ చిటికెన వేలు ముంచి ఒకటి, రెండు, మూడు లెక్కపెడుతుంది. అంతవరకు ఓర్చుకోగలిగి, ఆపైన చురుక్కుమంటే అదే అదను. మన గోరువెచ్చన కన్నా కాస్త ఎక్కువ వేడి. పాత పెరుగు ఒక చెంచా కలిపి, కుండకు ఉన్ని దుప్పటి చుట్టి కదపకుండా వదిలేస్తుంది. గొర్రెపాల పెరుగు కత్తితో కోసేంత గట్టిగా తోడుకుంటుంది.

ఈ ఊళ్లో 1878లో పుట్టిన స్టామెన్ గ్రిగోరోవ్ వైద్యం చదవడానికి జెనీవా వెళ్లాడు. ఇంటి నుంచి కుండెడు పెరుగు పట్టుకెళ్లాడని చెబుతారు. హాస్టల్‌కు ఆవకాయ జాడీ మోసిన మనకు ఇందులో వింతేమీ లేదు. 1905లో ఆ పెరుగును తోడుకునేలా చేసే బాక్టీరియాను మైక్రోస్కోప్ కింద పట్టుకున్నాడు. అదే లాక్టోబాసిల్లస్ బల్గారికస్. తర్వాత ఆయన ట్రున్‌కే తిరిగొచ్చి ఆసుపత్రిలో పనిచేశాడు. నాకు ఆయన మీద గౌరవం ఎక్కువ అందుకే.

పారిస్‌లో మెచ్నికోవ్ అనే పెద్ద శాస్త్రవేత్త, 1908లో నోబెల్ అందుకున్నాయన, ఈ పెరుగు తింటే ముసలితనం ఆలస్యంగా వస్తుందని ప్రచారం చేశాడు. బల్గేరియా పల్లెల్లో నూరేళ్లు దాటినవాళ్లు చాలామంది అన్న మాట అలా పాకింది. అది కాస్త ఎక్కువ చేసిన మాటేనని నా అభిప్రాయం. ఇప్పుడు అక్కడి పల్లెల్లో ముసలివాళ్లే కనబడతారంటే కారణం పెరుగు కాదు, కుర్రాళ్లు లేకపోవడం. కమ్యూనిస్టుల కాలంలో భూములన్నీ సమష్టి సాగులో కలిపేశారు. జనం పట్నాల ఫ్యాక్టరీలకు పోయారు. 1991 చట్టంతో భూములు తిరిగొచ్చాయి గానీ దున్నేవాళ్లు రాలేదు. 1985లో దాదాపు 90 లక్షలున్న దేశ జనాభా 2021కి 65 లక్షలకు దిగింది.

బల్గేరియా పల్లెల్లో గేట్ల మీద, బస్టాపుల్లో ఫొటోలున్న తెల్ల కాగితాలు కనిపిస్తాయి. ఎన్నికల పోస్టర్లు కావు, పోయినవాళ్ల జ్ఞాపకాలు. నలభయ్యో రోజుకు ఒకటి, ఏడాదికి ఒకటి, ఆ తర్వాత ఏటేటా ఇంకొకటి అంటిస్తూనే ఉంటారు. కొన్ని గేట్లకు తాళం, తాళం పక్కన కాగితం.

స్టూడెన్ ఇజ్వోర్‌లో 2007 నుంచి ఒక పెరుగు మ్యూజియం ఉంది. ఆ వైపు ఎప్పుడైనా వెళ్తే ఒక్క జాగ్రత్త. బల్గేరియాలో తల అడ్డంగా ఊపితే ‘అవును’ అని. ఏ ముసలావిడైనా “ఇంకో గిన్నె వెయ్యనా?” అంటే మొహమాటపడి మీరు తల అడ్డంగా ఊపారనుకోండి, ఆ గిన్నె కూడా మీదే.