మీకు నచ్చింది తోకచుక్క కాదు: తర్వాతి డిజాస్టర్ నవల వెతికే పద్ధతి

తోకచుక్క వచ్చి భూమిని గుద్దే నవల ఒకటి ఎవరికో తెగ నచ్చింది. ఇలాంటిది ఇంకోటి చెప్పమని అడిగారు. ఏం చెబుతారు? ఇంకో తోకచుక్క. అది దొరక్కపోతే గ్రహశకలం. వైరస్ కథ నచ్చిందన్న పాపానికి వరసగా నాలుగు వైరస్‌లు అంటగడతారు. పుస్తకాలమ్మే సైట్లు ఆ పని చేస్తే సరే, మెషీన్లు అనుకోవచ్చు. బాగా చదివేవాళ్ళు కూడా అదే చేస్తారు, అక్కడే నాకు చిరాకు. ఆ రెండో పుస్తకం వంద పేజీలు దాటదు. సైఫై మనకి పడదులే అని పాఠకుడు తేల్చేసుకుంటాడు.

విపత్తు ఏ రకం అన్నది అట్ట మీద బొమ్మకి పనికొస్తుంది, అంతే. మనల్ని పట్టి కూర్చోబెట్టేది వేరే. ఆ విపత్తులో ఏ ఘడియ దగ్గర పుస్తకం ఎక్కువసేపు నిలబడింది? అది చూడాలి.

ఒక వరద అనుకోండి. మొదటి ఘడియలో నీళ్ళు ఇంకా రాలేదు. పైన ఎక్కడో గేట్లు ఎత్తారన్న కబురొచ్చింది. కొందరు సామాను సర్దుతున్నారు, కొందరు వాళ్ళని చూసి నవ్వుతున్నారు. రెండో ఘడియలో నీళ్ళు ఇంట్లోకి వచ్చేశాయి. మూడోది, నీళ్ళు దిగాయి, ఇల్లంతా బురద, తాగడానికి నీళ్ళు లేవు, పక్కింట్లో మాత్రం తిండి ఉంది. నాలుగోది ముప్ఫై ఏళ్ళ తర్వాత. గోడ మీద ఆ నీళ్ళ చార మిగిలింది, ఇదేంటని పిల్లలు అడుగుతున్నారు.

(స్క్రీన్ మీద: కబురు, నీళ్ళు, బురద, చార)

ఇప్పుడు లారీ నివెన్, జెర్రీ పూర్నెల్ కలిసి 1977లో రాసిన లూసిఫర్స్ హ్యామర్ తీసుకోండి. తోకచుక్క నవలల్లో అందరికీ ముందు గుర్తొచ్చేది ఇదే. ఇందులో తోకచుక్క తగలడానికి ముందే బోలెడంత కథ ఉంది: దాన్ని కనిపెట్టడం, లెక్కలు మారుతూ పోవడం, టీవీ హడావిడి. తర్వాత దెబ్బ. ఆ తర్వాత ఒక సెనేటర్ లోయలో జనం గుంపు కట్టి, ఎవరిని లోపలికి రానివ్వాలి, ఎవరిని తరిమేయాలి అని తేల్చుకోవడం. ఈ ఒక్క పుస్తకాన్ని ముగ్గురు ఇష్టపడితే ముగ్గురూ వేర్వేరు ఘడియల్ని ఇష్టపడి ఉండొచ్చు.

లెక్కలు మారే భాగం, అంటే కబురు ఘడియ నచ్చినవాళ్ళకి నేనిచ్చేది ఫ్రెడ్ హాయిల్ రాసిన ది బ్లాక్ క్లౌడ్, 1957. అందులో తోకచుక్కే లేదు, సూర్యుడికి అడ్డం రాబోయే ఒక మేఘం ఉంది. రాసినాయన స్వయంగా ఖగోళ శాస్త్రవేత్త, కాబట్టి అది ఎప్పుడొస్తుందో లెక్కగట్టే పేజీలు నిజంగా శాస్త్రవేత్తలు కొట్టుకుంటున్నట్టే ఉంటాయి. లోయ భాగం నచ్చినవాళ్ళకి ప్యాట్ ఫ్రాంక్ 1959లో రాసిన అలాస్, బాబిలాన్. అది అణుయుద్ధం, ఫ్లోరిడాలో చిన్న ఊరు, ఉప్పు ఎక్కడ దొరుకుతుందన్న వెతుకులాట. బురద నవలకి మంచి గుర్తు అదే: పేలుడు కొన్ని పేజీల్లో అయిపోతుంది, ఉప్పుకి మాత్రం చోటు దొరుకుతుంది. బురదే, కానీ మనుషులు ఇంత మర్యాదగా ఉంటారా అని అనుమానం ఉన్నవాళ్ళకి జాన్ క్రిస్టఫర్ రాసిన ది డెత్ ఆఫ్ గ్రాస్, 1956. ఒక వైరస్ ముందు వరిని, తర్వాత గడ్డిజాతి పంటలన్నిటినీ చంపేస్తుంది. అన్న పొలం చేరుకోవడానికి బయల్దేరిన మామూలు కుటుంబాలు దారిలో ఎంత తొందరగా హంతకులవుతాయన్నదే కథ. చాలా సన్నటి పుస్తకం. దీన్ని వైరస్ నవలల జాబితాలో పెట్టినవాళ్ళు చదివారో లేదో నాకు డౌటే.

ఇక్కడ రచయితలు వాడే ఒక కిటుకు ఉంది, అట్ట వెనక రాతలోనే దొరికిపోతుంది. హీరో ఆసుపత్రిలో కళ్ళకి కట్టుతో నిద్ర లేస్తాడు, జాన్ విండమ్ రాసిన ది డే ఆఫ్ ద ట్రిఫిడ్స్, 1951. హీరో కొండల్లో పాము కరిచి ఒంటరిగా పడి ఉంటాడు, లేచి కిందికొచ్చేసరికి జనం లేరు, జార్జ్ స్టీవర్ట్ రాసిన ఎర్త్ అబైడ్స్, 1949. ఎందుకిలా? రచయితకి నీళ్ళ ఘడియ రాయాలని లేదు. హీరోని పక్కకి తప్పించి, నీళ్ళు దిగాక లేపుతున్నాడు. కాబట్టి నిద్ర లేచాడు, దూరప్రాంతం నుంచి తిరిగొచ్చాడు, గని లోంచి బయటికొచ్చాడు అని వెనక అట్ట మీద ఉంటే, అది బురద పుస్తకం. నగరాలు కూలే సీన్ల కోసం కొనకండి.

కొన్ని పుస్తకాలు ఒకే ఘడియలో ఉండిపోతాయి. నెవిల్ షూట్ రాసిన ఆన్ ద బీచ్, 1957, మొత్తం కబురే. ఉత్తరార్ధగోళం ముగిసిపోయింది, రేడియేషన్ మెల్లగా మెల్‌బోర్న్ వైపు దిగుతోంది, ఎక్కడానికి డాబా లేదు. ఏమీ జరగలేదు అని దీన్ని తిట్టేవాళ్ళు నీళ్ళ కోసం వచ్చినవాళ్ళు. జె. జి. బాలర్డ్ రాసిన ది డ్రౌన్డ్ వరల్డ్, 1962, ఇంకో రకం. నీళ్ళు ఎప్పుడో వచ్చాయి, ఇక దిగవు, హీరోకి ఆ నీళ్ళలోనే ఉండిపోవాలని ఉంది. అద్భుతమైన పుస్తకం. బతికి బయటపడే కథ ఆశించేవాళ్ళకి మాత్రం నరకం. ఆక్టేవియా బట్లర్ 1993లో రాసిన పారబుల్ ఆఫ్ ద సోవర్‌లో గేట్లు ఎత్తిన రోజంటూ ఒకటి లేదు. 2024లో మొదలయ్యే డైరీ అది. నీళ్ళు రోజుకి అంగుళం చొప్పున పెరిగితే ఏ రోజు పారిపోవాలో ఎవరికీ తెలియదు కదా, ఆ పుస్తకంలో భయం అక్కడుంది.

చార పుస్తకాలు వేరే జాతి. వాల్టర్ మిల్లర్ రాసిన ఎ కాంటికిల్ ఫర్ లీబోవిట్జ్‌లో అణుయుద్ధం జరిగిన శతాబ్దాల తర్వాత సన్యాసులు పాత సర్క్యూట్ బొమ్మల్ని పవిత్ర గ్రంథాల్లా నకలు రాస్తుంటారు. ఇందులో ఉత్కంఠ తక్కువ, వెటకారం ఎక్కువ.

నాలుగు ఘడియలూ ఒకే పుస్తకంలో కావాలంటే నీల్ స్టీఫెన్సన్ రాసిన సెవెన్‌ఈవ్స్, 2015. మొదటి వాక్యంలోనే చంద్రుడు ముక్కలవుతాడు, ఆ ముక్కలు భూమ్మీద కురవడానికి రెండేళ్ళ గడువు. చివరి మూడో వంతులో కథ ఒక్కసారిగా 5000 ఏళ్ళు ముందుకి దూకుతుంది. చాలామంది అక్కడే ఆపేస్తారు, ఎందుకంటే వాళ్ళు వచ్చింది కబురు కోసం, చార కోసం కాదు. ఆపేసినా నష్టం లేదని నా ఉద్దేశం.

సరే, ఘడియ ఒక్కటే చాలదు. అదే వరదని ఎక్కడి నుంచి చూస్తున్నాం? డాబా మీద ఇరుక్కున్న కుటుంబం పక్కన కూర్చునా, డ్యామ్ గేట్ల గదిలో నిలబడా? మైకేల్ క్రైటన్ రాసిన ది ఆండ్రొమెడా స్ట్రెయిన్, 1969, పూర్తిగా గేట్ల గది: ఐదు రోజులు, ఒక భూగర్భ ల్యాబ్, పరీక్షల ఫలితాలు. కార్మాక్ మెకార్తీ రాసిన ది రోడ్, 2006, పూర్తిగా డాబా: తండ్రి, కొడుకు, లోకం ఎందుకలా అయిందో చివరిదాకా చెప్పరు. కారణం తెలియకపోతే నిద్రపట్టని పాఠకుడికి ది రోడ్ ఇచ్చి, పులిట్జర్ వచ్చింది చదువు అంటే ఏం లాభం? కిమ్ స్టాన్లీ రాబిన్సన్ రాసిన ది మినిస్ట్రీ ఫర్ ద ఫ్యూచర్, 2020, మనల్ని మోసం చేస్తుంది. మొదటి అధ్యాయం ఉత్తరప్రదేశ్‌లో వడగాడ్పు, ఊపిరాడనివ్వని డాబా కథ. ఆ తర్వాత ఎక్కువ భాగం గేట్ల గదే, బ్యాంకులు, ఒప్పందాలు, కమిటీలు. శాంపిల్ చదివి కొన్నవాళ్ళు అందుకే తిట్టుకుంటారు.

ఇప్పుడు చేతిలో పని. కాగితం తీసుకోండి. బాగా నచ్చిన పుస్తకాలు రెండు, సగంలో వదిలేసినది ఒకటి రాయండి. వదిలేసినదాన్ని మరిచిపోకండి, ఎక్కువ సమాచారం అందులోనే ఉంటుంది. ప్రతిదాని పక్కనా మూడు ముక్కలు: ఏ ఘడియ, డాబానా గేట్ల గదా, కారణం చెప్పారా లేదా. వదిలేసినదానికి ఎన్నో పేజీలో వదిలేశారో కూడా. చాలాసార్లు సరిగ్గా ఘడియ మారిన చోటే వదిలేసి ఉంటారు.

ఆ తర్వాత ది ఎన్‌సైక్లోపీడియా ఆఫ్ సైన్స్ ఫిక్షన్ తెరవండి. 1979లో అచ్చు పుస్తకంగా మొదలైంది, 2011 నుంచి ఆన్‌లైన్‌లో ఉచితం. అందరూ చేసే పొరపాటు రచయిత పేరుతో వెతకడం. పేరుతో పోతే ఆయన జీవితం, ఆయన ఇతర పుస్తకాలు దొరుకుతాయి, మనకి కావలసింది ఆయన పక్కన నిలబడేవాళ్ళు. అంశాల పేజీలకి వెళ్ళండి. డిజాస్టర్ అన్న పేజీ నీళ్ళ ఘడియకి దగ్గర, రూయిన్డ్ ఎర్త్ అన్నది బురదకీ చారకీ. మీకు నచ్చిన పుస్తకం ఆ పేజీలో ఏ పేరాలో ఉందో పట్టుకుని, అదే పేరాలో ఉన్న మిగతా పేర్లు రాసుకోండి. పేజీ మొత్తం రాసుకుంటే మళ్ళీ మొదటికొస్తారు.

అలా వచ్చిన పేర్లని ఐఎస్‌ఎఫ్‌డీబీలో, అంటే ఇంటర్నెట్ స్పెక్యులేటివ్ ఫిక్షన్ డేటాబేస్‌లో, ఒక్కసారి కొట్టి చూడకుండా డబ్బు పెట్టకండి. అమెరికాలో, బ్రిటన్‌లో ఒకే నవల వేర్వేరు పేర్లతో వచ్చేది. ది డెత్ ఆఫ్ గ్రాస్, నో బ్లేడ్ ఆఫ్ గ్రాస్ ఒకటే. విండమ్ ది క్రాకెన్ వేక్స్, అవుట్ ఆఫ్ ద డీప్స్ ఒకటే. ది క్రిసలిడ్స్ అమెరికాలో రీ-బర్త్. బాలర్డ్ ది బర్నింగ్ వరల్డ్ బ్రిటన్‌లో ది డ్రౌట్ అయింది. పాత పుస్తకాలు కొనేవాళ్ళు ఒకే నవల రెండుసార్లు కొనేది ఇలాగే. ఆ డేటాబేస్‌లో నవల పేజీ మీద వేరియంట్, అంటే అదే నవలకి ఇంకో పేరు, అని కనిపిస్తే ఆగండి. పేరు మారకుండా లోపల మారినవీ ఉన్నాయి: స్టీఫెన్ కింగ్ రాసిన ది స్టాండ్ 1978లో కత్తిరించి వేశారు, తీసేసిన భాగాలు కలిపి 1990లో మళ్ళీ వేశారు, అది వెయ్యి పేజీలు దాటుతుంది. ఏ సంవత్సరం ఎడిషనో చూసుకోండి.

చాట్‌బాట్‌ని అడిగేవాళ్ళకి కూడా ఇదే మాట. లేని పుస్తకాన్ని ఉన్న రచయిత పేరు మీద ఎంత నమ్మకంగా చెబుతుందంటే, అట్ట బొమ్మ కూడా కళ్ళముందు కనిపిస్తుంది. డేటాబేస్‌లో లేకపోతే పక్కన పెట్టేయండి.

టైం అయిపోతోంది, మిగతావి గబగబా. సైఫై అవార్డుల్లో గెలిచినదాన్ని కాదు, ఫైనలిస్టుల జాబితా చూడండి. హ్యూగోకి వరల్డ్‌కాన్ అనే సైఫై అభిమానుల సమావేశం సభ్యులు ఓటేస్తారు, నెబ్యులాకి రచయితల సంఘం సభ్యులు, ఆర్థర్ సి. క్లార్క్ అవార్డుని జ్యూరీ ఇస్తుంది. మూడింట్లో ఎవరి అభిరుచి మీకు కలుస్తుందో ఒక ఏడాది జాబితాలు పక్కపక్కన పెడితే తెలిసిపోతుంది. కొత్త రచయిత మీద నమ్మకం లేకపోతే నవల జోలికి పోకుండా నోవెల్లా పట్టుకోండి. హ్యూగో లెక్కలో 17,500 నుంచి 40,000 మాటల దాకా నోవెల్లా. రేటింగుల్లో ఐదు చుక్కలు, ఒక చుక్క వదిలేసి మూడు చుక్కల సమీక్షలు చదవండి, ఎక్కడ బోరు కొట్టిందో వాళ్ళే పేజీతో సహా చెబుతారు.

సిరీసా కాదా ముందే చూసుకోండి. ఎన్. కె. జెమిసిన్ రాసిన ది ఫిఫ్త్ సీజన్ మూడు పుస్తకాల సిరీస్‌లో మొదటిది, ముగింపు లేకుండా ఆగుతుంది. ఆ మూడు పుస్తకాలకీ 2016, 2017, 2018లో వరసగా హ్యూగో వచ్చింది, కాబట్టి మొదలుపెడితే మూడూ దగ్గర పెట్టుకోండి. పైసా ఖర్చు లేకుండా ఈ లెక్క పరీక్షించాలంటే జాక్ లండన్ రాసిన ది స్కార్లెట్ ప్లేగ్, ప్రాజెక్ట్ గూటెన్‌బర్గ్ అనే ఉచిత పుస్తకాల సైట్‌లో ఉంది. 1912 నాటి కథ, 2013లో ప్లేగు వచ్చి, 2073లో ఒక ముసలాయన మనవలకి చెబుతుంటాడు, వాళ్ళు నమ్మరు. ఒక్క సాయంత్రంలో అయిపోతుంది. ముసలాయన గతం చెప్పే భాగం నచ్చిందా, ఆ మనవలు బతుకుతున్న తీరు నచ్చిందా, కింద కామెంట్‌లో రాయండి, దాన్ని బట్టి తర్వాతి పుస్తకం చెబుతాను.